నోటిఫికేషన్‌లో లేని రిలాక్సేషన్ ఇచ్చి పోస్టు ఇస్తే కోర్టులో నిలబడుతుందా?

ముందు మీ ప్రశ్నని నాలుగు ముక్కల్లో మళ్ళీ చెప్తా, ఇది చదివే మిగతావాళ్ళకి కూడా విషయం తెలియాలి కదా. ఒక రాష్ట్ర యూనివర్సిటీలో అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టుకి నోటిఫికేషన్ పడింది, పీజీలో 55 శాతం, దాంతోపాటు నెట్ గానీ సెట్ గానీ (జాతీయ, రాష్ట్ర స్థాయి లెక్చరర్ అర్హత పరీక్షలు), లేదంటే యూజీసీ (యూనివర్సిటీలకి ప్రమాణాలు పెట్టే కేంద్ర సంస్థ) చెప్పిన పద్ధతిలో పీహెచ్‌డీ ఉండాలని రాశారు. మీకు 61 శాతం ఉంది, నెట్ ఉంది, ఇంటర్వ్యూకి వెళ్ళొచ్చారు. పోస్టు మాత్రం అదే డిపార్ట్‌మెంట్‌లో చాలా ఏళ్ళ నుంచి కాంట్రాక్టు మీద పాఠాలు చెప్తున్నాయనకి ఇచ్చారు, ఆయనది ఓసీ కోటా, పీజీలో 52 శాతం, నెట్ లేదు, 2009కి ముందు చేసిన పీహెచ్‌డీ ఉంది. మీరు వెళ్ళి అడిగితే "అనుభవం చూసి సెలక్షన్ కమిటీ రిలాక్స్ చేసింది, ఆ పవర్ మాకుంది" అన్నారు, అంటే ఆయన కోసం అర్హత సడలించామని. 53 శాతం ఉన్న మీ ఫ్రెండేమో 55 అని చూసి అసలు అప్లికేషనే పెట్టలేదు. ఇదంతా జరిగి ఐదు నెలలు. ఇంటర్వ్యూకి వెళ్ళొచ్చాక ఇప్పుడు చాలెంజ్ చేయొచ్చా, గెలుస్తానా, మా గైడ్ ఏమో కేసుల జోలికి పోవద్దంటున్నారు అని అడిగారు.

నేను యూనివర్సిటీ సర్వీసు కేసులు చాలా కాలంగా చూస్తున్నా, టీచర్ల తరఫున వాదించాను, యూనివర్సిటీల తరఫున కౌంటర్లు (పిటిషన్‌కి ఎదుటి పక్షం ఇచ్చే జవాబులు) కూడా రాశాను. మీరు రాసినవి రాసినట్టే నిజమైతే ఆ రిలాక్సేషన్ నిలబడటం కష్టం. కానీ మీరు ఇంకా కొన్ని కాగితాలు చూడాల్సి ఉంది, ఐదు నెలలు అనేది నాకు అన్నిటికన్నా ఎక్కువ కంగారుగా ఉంది, అది కిందకి వచ్చాక చెప్తా.

అందరూ మిమ్మల్ని బాధితురాలు అంటున్నారు గానీ చట్టం దృష్టిలో ఈ కథలో మొదటి బాధితురాలు మీ ఫ్రెండ్. ఇది నేను కల్పించి చెప్పేది కాదు, మన విజయనగరం జిల్లా కేసు మీద సుప్రీంకోర్టు 1990లో ఇచ్చిన తీర్పు ఉంది, విజయనగరం సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాలల సొసైటీకీ త్రిపుర సుందరీ దేవి అనే టీచర్‌కీ మధ్య నడిచిన కేసు. పీజీ టీచర్ పోస్టుకి ప్రకటనలో ఒక క్లాసు అడిగారు, ఎంపికైన వ్యక్తికి అంతకన్నా తక్కువ క్లాసు ఉంది. అప్పుడు కోర్టు చెప్పిన మాట ఇన్నేళ్ళయినా ప్రతి సర్వీసు లాయరూ వాడుతూనే ఉన్నాడు. ప్రకటనలో ఒక అర్హత చెప్పి దానికి తక్కువ ఉన్నవాళ్ళని తీసుకుంటే అది ఉద్యోగం ఇచ్చినవాళ్ళకీ తీసుకున్నవాళ్ళకీ మధ్య వ్యవహారం మాత్రమే కాదు, అంతే అర్హతో అంతకన్నా మంచి అర్హతో ఉండి కూడా, మనకి సరిపడా లేదులే అని అప్లై చేయకుండా ఊరుకున్న వాళ్ళందరికీ అది అన్యాయం, అర్హతలు సడలిస్తామని ప్రకటనలో స్పష్టంగా చెప్పకుండా ఆ పని చేస్తే అది జనాన్ని మోసం చేయడమే అని కోర్టు అన్నది. 53 శాతం పెట్టుకుని ఇంట్లో కూర్చున్న మీ ఫ్రెండ్ అచ్చంగా ఆ వాక్యంలో మనిషి. ఆవిడకి 53, ఉద్యోగం వచ్చినాయనకి 52. మీ పిటిషన్‌కి ఆవిడ చేత ఒక అఫిడవిట్ ఇప్పించండి, ఒప్పుకుంటే ఆవిడనే రెండో పిటిషనర్‌గా చేర్చండి, బలం చాలా పెరుగుతుంది.

ఆ తర్వాత మూడేళ్ళకి, 1993లో, రేఖా చతుర్వేది వర్సెస్ రాజస్థాన్ యూనివర్సిటీ కేసు వచ్చింది. యూనివర్సిటీ రిక్రూట్‌మెంట్ల విషయంలో ఒక్క తీర్పే చదివే టైముంటే ఇదే చదవమంటా. అందులో కోర్టు యూనివర్సిటీలన్నిటికీ ముందు ముందు ఎలా నడుచుకోవాలో చెప్పింది. ప్రకటనలో వేసే అర్హతలు యూనివర్సిటీ సొంత స్టాట్యూట్లకీ ఆర్డినెన్సులకీ, అంటే దాని సొంత నిబంధనలకి, తేడాగా ఉండకూడదు, అభ్యర్థికి అర్హత అప్లికేషన్ చివరి తేదీ నాటికే ఉండాలి గానీ ఇంటర్వ్యూ నాటికి వస్తే చాలదు. రిలాక్స్ చేస్తామని, ఏ షరతుల మీద చేస్తామని ఈ రెండూ ప్రకటనలో ఉండాలి, లేకపోతే రిలాక్సేషన్ చెల్లదు. రిలాక్స్ చేసిన ప్రతి అభ్యర్థి విషయంలో ఎందుకు చేశారో కారణం కమిటీ ప్రొసీడింగ్స్‌లో విడిగా రాయాలి. మినిట్స్ చాలా కాలం భద్రంగా ఉంచాలి, ఎవరైనా చాలెంజ్ చేస్తే ఆ కేసు తేలేదాకా ఉంచాల్సిందే, పోయాయనో దొరకట్లేదనో అంటే యూనివర్సిటీకి వ్యతిరేకంగానే అనుకోవచ్చు. "మాకు పవర్ ఉంది" అని మీకు నోటిమాటగా చెప్పినాయన ఈ పరీక్షలన్నీ పాసవ్వాలి. పవర్ ఉండటం ఒకటి, దాన్ని వాడతామని ముందే అందరికీ చెప్పడం ఇంకొకటి, ఈ మనిషికి ఎందుకు వాడామో రాసిపెట్టడం మూడోది.

అదే తీర్పులో ఇంకో సంగతి ఉంది, దాన్ని చాలామంది పిటిషనర్లు చదవరు. సెలక్షన్‌లో తప్పు జరిగిందని ఒప్పుకున్నాక కూడా కోర్టు ఆ ఉద్యోగాలని తీసేయలేదు, ఎందుకంటే కేసు సుప్రీంకోర్టు దాకా వచ్చేసరికి వాళ్ళు చేరి ఎనిమిదేళ్ళు గడిచిపోయాయి. సూత్రం గెలిచింది, పిటిషనర్‌కి పోస్టు రాలేదు. అందుకే మీరు ఐదు నెలలు అన్నప్పుడు నాకు కంగారు పుట్టింది.

దీనికి రెండో వైపు కూడా చూడండి. 2011లో ఒరిస్సా ప్రభుత్వం వర్సెస్ మమతా మొహంతి కేసులో కాలేజీ లెక్చరర్లకి ఉండాల్సిన మార్కుల శాతం లేకుండానే నియామకాలు జరిగాయి, అక్కడ కోర్టు గట్టిగా చెప్పింది, పుట్టుకలోనే చెల్లని నియామకం కాలం గడిచినంత మాత్రాన చెల్లుబాటు అయిపోదని. అంటే రెండు రకాల తీర్పులూ ఉన్నాయి, మీ కేసు ఎటు పడుతుందనేది మీరు ఎంత త్వరగా వచ్చారు, ఎదుటాయన ఎంత కాలం నుంచి జీతం తీసుకుంటున్నాడు, తప్పు అభ్యర్థిదా యూనివర్సిటీదా అన్నదాని మీద ఆధారపడుతుంది. తెలిసి ఊరుకున్నవాళ్ళకి సాయం చేయడానికి ఏ జడ్జీకీ మనసొప్పదు.

ఇప్పుడు యూజీసీ సంగతి, ఇది కొంచెం పెద్ద కథ, ఓపిగ్గా చదవండి, ఎందుకంటే యూనివర్సిటీ కౌంటర్లో సగం ఇదే ఉంటుంది. 1991 సెప్టెంబర్ 19న యూజీసీ మొదటిసారి నెట్ ఉండాలనే రూల్ తెచ్చింది, అందులో రిలాక్సేషన్ గురించి ఒక మాట ఉండేది, యూనివర్సిటీ రిలాక్స్ చేయొచ్చు గానీ ముందుగా యూజీసీ అనుమతి తీసుకోవాలని. ఆ రూల్ చెల్లుతుందా అన్నది ఢిల్లీ యూనివర్సిటీ వర్సెస్ రాజ్ సింగ్ కేసుగా సుప్రీంకోర్టుకి వెళ్ళింది, 1994లో కోర్టు రూల్ చెల్లుతుందంటూనే, యూనివర్సిటీ పాటించకపోతే పర్యవసానం గ్రాంటు ఆగిపోవడం, అది కూడా యూనివర్సిటీ చెప్పుకునే కారణం విన్నాకే అన్నది. ఆ ఒక్క మాట పట్టుకుని చాలా యూనివర్సిటీలు ఇప్పటికీ "యూజీసీ రూల్ సలహా లాంటిదే" అని రాస్తాయి. మీకు వచ్చే కౌంటర్లో కూడా ఈ తీర్పు ఉంటుందని ఇప్పుడే రాసి పెట్టుకోండి.

కానీ రూల్ అక్కడే ఆగలేదు. 2000లో తెచ్చిన రెగ్యులేషన్లలో రిలాక్స్ చేసే పవర్ యూనివర్సిటీ చేతిలోంచి తీసి యూజీసీ తన దగ్గరే పెట్టుకుంది, అది కూడా ఒక సబ్జెక్టులో నెట్ పెట్టకపోతేనో నెట్ ఉన్నవాళ్ళు సరిపడా దొరకకపోతేనో, ఆ సబ్జెక్టుకి కొంత కాలానికి మాత్రమే ఇస్తామని, వ్యక్తుల అప్లికేషన్లు చూడమని రాసింది. సడలింపు సబ్జెక్టుకి ఇవ్వాలి, మనిషికి కాదు అన్న ఆలోచన నాకు ఇప్పటికీ సరైనదే అనిపిస్తుంది. తెలుగు లాంటి సబ్జెక్టులో నెట్ పాసైనవాళ్ళు వందల్లో ఖాళీగా ఉన్నప్పుడు ఒక మనిషి కోసం రూల్ వంచడానికి ఏ కారణం చెప్తారు?

తర్వాత 2009 జులైలో పీహెచ్‌డీకి కొత్త ప్రమాణాలు తెచ్చి, వాటి ప్రకారం చేసిన పీహెచ్‌డీకే నెట్ మినహాయింపు అన్నారు. అప్పటికే పీహెచ్‌డీ చేసేసినవాళ్ళు గోలపెట్టారు, న్యాయమే, వాళ్ళు చేరినప్పుడు ఆ రూల్ లేదు. యూజీసీ కూడా 2010లో రెండుసార్లు సమావేశమై పాతవాళ్ళకి మినహాయింపు ఇద్దామని తీర్మానం చేసింది, కేంద్రం నవంబర్లో కుదరదంది. పి.సుశీల వర్సెస్ యూజీసీ కేసులో 2015 మార్చిలో సుప్రీంకోర్టు కేంద్రం వైపే చెప్పింది, యూజీసీ చట్టం 20వ సెక్షన్ కింద కేంద్రం ఇచ్చే విధాన ఆదేశాలకి యూజీసీ కట్టుబడాలి, పీహెచ్‌డీ ఉన్నంత మాత్రాన లెక్చరర్ పోస్టుకి అర్హత తేలిపోయినట్టు కాదు, అర్హత రూలు మారకూడదని ఎవరికీ హక్కు లేదు అని. సాక్షాత్తూ యూజీసీయే రిలాక్స్ చేద్దామనుకుంటే కుదరలేదు, ఒక సెలక్షన్ కమిటీ నలుగురు కూర్చుని మధ్యాహ్నం టీ టైములోపు రిలాక్స్ చేస్తే ఎలా కుదురుతుంది?

దాని తర్వాత 2016 జులైలో యూజీసీ రూల్ సవరించి పాత పీహెచ్‌డీలకి దారి ఇచ్చింది, ఐదు షరతులు పెట్టి. పీహెచ్‌డీ రెగ్యులర్ పద్ధతిలో చేసి ఉండాలి, థీసిస్‌ని కనీసం ఇద్దరు బయటి ఎగ్జామినర్లు దిద్ది ఉండాలి, వైవా బహిరంగంగా జరిగి ఉండాలి, థీసిస్ పని నుంచి రెండు పేపర్లు పబ్లిష్ అయి అందులో ఒకటైనా రిఫరీడ్ జర్నల్లో ఉండాలి, కనీసం రెండు పేపర్లు సెమినార్లలో చదివి ఉండాలి. 2018 రెగ్యులేషన్లలో కూడా ఈ దారి ఉంది, ఇవన్నీ ఉన్నాయని రిజిస్ట్రార్ గానీ అకడమిక్ అఫైర్స్ డీన్ గానీ సర్టిఫికెట్ ఇవ్వాలి. కాబట్టి ఎదుటాయనకి నెట్ లేకపోవడం ఒక్కటే పట్టుకుని కోర్టుకి వెళ్ళకండి. ఆయన దగ్గర ఆ ఐదు పాయింట్ల సర్టిఫికెట్ ఉండి, అది అప్లికేషన్ చివరి తేదీకి ముందుదైతే, నెట్ పాయింటు మీద మీరు ఓడిపోతారు, అది రిలాక్సేషనే కాదు, రూల్లోనే ఉన్న దారి.

52 శాతం మాత్రం వేరే సంగతి. ఇక్కడ కూడా ఒకటి చూసుకోవాలి. 2018 రెగ్యులేషన్లలో పీజీ మార్కులకి 5 శాతం తగ్గింపు రెండు రకాలవాళ్ళకి ఉంది. ఎస్సీ, ఎస్టీ, నాన్ క్రీమీలేయర్ ఓబీసీ, దివ్యాంగులకి ఒకటి. పీహెచ్‌డీ ఉండి 1991 సెప్టెంబర్ 19కి ముందే పీజీ పాసైనవాళ్ళకి రెండోది. ఆయన కాంట్రాక్టులో చాలా ఏళ్ళు ఉన్నారంటున్నారు, వయసు ఎంతో మీరు రాయలేదు. ఆయన పీజీ పాసైన నెల, సంవత్సరం కనుక్కోండి, మొట్టమొదట అదే. 1991కి ముందైతే 50 ఉంటే చాలు, ఆ పాయింటు పోయినట్టే. 1991 తర్వాత అయితే ఓసీ కోటాలో 52కి ఏ దారీ లేదు. కాంట్రాక్టు అనుభవానికి బదులుగా పీజీ మార్కులు తగ్గించొచ్చని ఆ రెగ్యులేషన్లో ఎక్కడా లేదు.

రిలాక్సేషన్‌లా కనిపించి రిలాక్సేషన్ కానివి ఇంకా ఉన్నాయి. ఒక డిగ్రీ ఇంకో డిగ్రీకి సమానమా కాదా అన్నది ఈక్వివలెన్స్, అది ఎక్స్‌పర్టులు చూసే పని, 1963లోనే మైసూర్ యూనివర్సిటీ వర్సెస్ గోవిందరావు కేసులో ఇంగ్లీషు రీడర్ పోస్టు మీద తగాదా వస్తే, విదేశీ డిగ్రీ సరిపోతుందా లేదా అని ఎక్స్‌పర్టుల బోర్డు తేల్చాక దురుద్దేశం ఏమీ చూపించకుండా కోర్టులు వేలు పెట్టకూడదని సుప్రీంకోర్టు హైకోర్టు తీర్పునే కొట్టేసింది. సంగీతం, నాట్యం లాంటి వాటిలో గురువు దగ్గర నేర్చుకుని ఆలిండియా రేడియోలోనో దూరదర్శన్‌లోనో ఏ గ్రేడ్ ఉన్న కళాకారుల కోసం రెగ్యులేషన్లోనే విడిగా దారి ఉంది, అది ఉండాల్సిందే, ఒక కూచిపూడి గురువుని నెట్ రాయమనడం ఎవరికీ మేలు చేయదు. 2022లో వచ్చిన ప్రొఫెసర్ ఆఫ్ ప్రాక్టీస్ కూడా అలాంటిదే, డిగ్రీలు అడగరు, రంగంలో 15 ఏళ్ళ అనుభవం అడుగుతారు, కానీ నాలుగేళ్ళు మించకూడదు, శాంక్షన్డ్ పోస్టు మీద కూర్చోబెట్టకూడదు. చట్టం వంగాల్సిన చోట ముందే వంగి ఉంది, అందుకే చాటుగా వంచినప్పుడు నాకు కోపం వస్తుంది.

నేను చూసిన ఒక ఫైలు గురించి చెప్తా, ఊరూ పేరూ వద్దు. కోర్టు రికార్డు తెప్పించింది, అభ్యర్థులందరి వివరాల కంపారటివ్ స్టేట్‌మెంట్ మొదటి పేజీ, ఎడమ నుంచి కుడికి పేరు, పుట్టిన తేదీ, పీజీ శాతం, నెట్, పబ్లికేషన్లు, చివర రిమార్క్స్ కాలమ్. అర్హత లేని నలుగురి పేర్ల ఎదురుగా రిమార్క్స్‌లో "నాట్ ఎలిజిబుల్" అని టైపు చేసి ఉంది. అదే శాతం ఉన్న ఐదో ఆయన ఎదురుగా అదే మాట టైపు చేసి దాని మీద పెన్నుతో అడ్డంగా గీత గీసి పక్కన "మే బీ కన్సిడర్డ్" అని రాశారు, సంతకం లేదు, తేదీ లేదు. మినిట్స్‌లో రిలాక్సేషన్ అన్న మాటే లేదు, పేరు, ర్యాంకు, అంతే. జడ్జిగారు యూనివర్సిటీ లాయర్ని ఆ గీత ఎవరు గీశారని ఒక్క ప్రశ్న అడిగారు, జవాబు రాలేదు. ఆ నలుగురిలో ఒకావిడ ఆ రోజు కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చునుంది. ఏ పెద్ద తీర్పూ చదవక్కర్లేకుండా కేసు అక్కడే తేలిపోయింది. అందుకే రికార్డు ముఖ్యం అంటా, మీకన్నా తక్కువ ఉన్నాయనకి ఇచ్చారని చెప్పడం కన్నా, ఆయనతో సమానంగా ఉన్నవాళ్ళని స్క్రూటినీలో (అప్లికేషన్ల పరిశీలనలో) తీసేసి ఆయన్ని ఉంచారని చూపించడం పది రెట్లు గట్టిది.

రికార్డు కోసం ఆర్టీఐ పెట్టండి, ఈ వారమే. స్క్రూటినీ కమిటీ నివేదిక, కంపారటివ్ స్టేట్‌మెంట్, సెలక్షన్ కమిటీ మినిట్స్, ఈసీ (యూనివర్సిటీ పాలక మండలి) తీర్మానం, రిలాక్సేషన్‌కి యూజీసీతోనో ప్రభుత్వంతోనో జరిగిన ఉత్తరాలు, అనర్హులుగా తేల్చినవాళ్ళ జాబితా కారణాలతో సహా అడగండి. 30 రోజుల్లో ఇవ్వాలి, ఇవ్వకపోతే మొదటి అప్పీలు. వ్యక్తిగత సమాచారం అని ఆర్టీఐ చట్టం 8(1)(జె) సెక్షన్ చూపిస్తారు, 2023 డిజిటల్ డేటా చట్టం వల్ల ఆ మినహాయింపు ఇంకా బిగిసింది, అయినా ప్రజాప్రయోజనం ఎక్కువైతే ఇవ్వొచ్చని 8(2) ఉంది, అప్లికేషన్లోనే ఆ సెక్షన్ రాయండి. కానీ ఆర్టీఐ జవాబు వచ్చేదాకా కోర్టుకి వెళ్ళకుండా ఆగొద్దు, చాలామంది ఆగిపోయేది ఇక్కడే, అప్పీలు మీద అప్పీలు వేసుకుంటూ ఏడాది గడిపేస్తారు. మీ చేతిలో నోటిఫికేషన్, మీ మార్కులు, ఎంపిక జాబితా, ఆయన 52 శాతానికి ఏదో ఒక ఆధారం ఉంటే హైకోర్టులో రిట్ పిటిషన్ వేసేయొచ్చు, రికార్డు తెప్పించమని అందులోనే అడగొచ్చు.

రిట్‌లో ఎంపికైన ఆయన్ని పేరు పెట్టి రెస్పాండెంట్‌గా (ఎదుటి పార్టీగా) చేర్చాలి, ఆయన మీద జాలేసో మొహమాటానికో వదిలేస్తే పిటిషన్ ఆ ఒక్క కారణం మీదే పోతుంది, ఆయన ఉద్యోగం తీసేయమంటూ ఆయన మాట వినకుండా ఏ కోర్టూ ఆర్డరివ్వదు. మొదటి హియరింగ్‌లో స్టే రాకపోయినా బెంగపడకండి, ఆయన ఇప్పటికే చేరిపోయారు కాబట్టి స్టే కష్టం, ఆ నియామకం ఈ రిట్ తుది తీర్పుకి లోబడి ఉంటుందన్న ఒక్క లైను ఆర్డర్ అడిగి తెచ్చుకోండి. రేపు ఆయన "ఇన్నేళ్ళు చేశాను" అన్నప్పుడు ఆ లైనే మిమ్మల్ని కాపాడేది. నియామకం కొట్టేయమని అడిగి ఊరుకోకుండా, మెరిట్‌లో తర్వాత ఉన్న మిమ్మల్ని అదే సెలక్షన్ నుంచి పరిగణించమని కూడా అడగండి, లేకపోతే ఆయన ఉద్యోగం పోతుంది, పోస్టు మళ్ళీ నోటిఫికేషన్‌కి వెళ్తుంది. కో వారంటో వేరే, అది పదవిలో అర్హత లేకుండా కూర్చున్నవాళ్ళని ఏ హక్కుతో కూర్చున్నావని అడిగే రిట్, ఎవరైనా వేయొచ్చు, మీ ఫ్రెండ్ కూడా వేయొచ్చు, కానీ దానివల్ల మీకు ఉద్యోగం రాదు.

ఇంటర్వ్యూకి వెళ్ళొచ్చాక చాలెంజ్ చేయొచ్చా అన్నారు కదా, చేయొచ్చు. కమిటీలో ఎవరున్నారో చూసి కూడా నోరు మెదపకుండా ఇంటర్వ్యూ ఇచ్చి, పోస్టు రాలేదని కమిటీని తప్పుబడితే కుదరదని 1976లో లక్నో యూనివర్సిటీ మీద వచ్చిన డాక్టర్ జి.శరణ కేసులో ఉంది, దాన్ని మీ మీద వాడతారు. కానీ మీ తగాదా కమిటీ మీద కాదు, రూల్ మీద, పైగా ఇంటర్వ్యూ రోజున ఇంకొకరికి రిలాక్స్ చేస్తున్నారని మీకు తెలిసే అవకాశమే లేదు. 2019లో మీతా సహాయ్ వర్సెస్ బీహార్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది, సెలక్షన్‌లో పాల్గొన్నంత మాత్రాన చట్టవిరుద్ధమైన దాన్ని ఒప్పుకున్నట్టు కాదని. ఇంకా, ఆట మొదలయ్యాక రూల్స్ మార్చకూడదని మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ జిల్లా జడ్జీల నియామకాల మీద వచ్చిన మంజుశ్రీ తీర్పు ఉండేది, దాని మీద సందేహాలొస్తే 2024 నవంబర్‌లో తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో ఐదుగురు జడ్జీల బెంచ్ అది సరైనదేనని చెప్పింది. రూల్స్‌లోనో ప్రకటనలోనో వీలుంటే తప్ప అర్హత నిబంధనలు మధ్యలో మార్చకూడదు, వీలున్నా అది రాజ్యాంగం 14వ అధికరణానికి (సమానత్వ హక్కుకి) నిలబడాలి. మీ కేసుకి ఇది సరిగ్గా సరిపోతుంది.

యూనివర్సిటీ వైపు గట్టి వాదన ఒకటే ఉండొచ్చు, "యూజీసీ రెగ్యులేషన్ మా రాష్ట్రం అడాప్ట్ చేయలేదు" లేదా "మా చట్టం వేరు" అని. 2015లో మదురై కామరాజ్ యూనివర్సిటీ వీసీ (వైస్ ఛాన్సలర్) విషయంలో కళ్యాణి మతివానన్ కేసులో ఈ వాదన గెలిచింది. కానీ 2022 నుంచి గాలి మారింది, ఆ మార్చిలో గుజరాత్ సర్దార్ పటేల్ యూనివర్సిటీ వీసీ, అక్టోబర్లో కేరళ టెక్నలాజికల్ యూనివర్సిటీ వీసీ, నవంబర్లో అల్మోరా యూనివర్సిటీ వీసీ వరసగా పదవులు పోగొట్టుకున్నారు, రాష్ట్ర చట్టం యూజీసీకి ఎదురు వెళ్తే యూజీసీదే చెల్లుతుందని. అల్మోరాలో ఆయనకి పదేళ్ళ ప్రొఫెసర్ అనుభవం లేదు, మిగతా రికార్డు ఎంత బాగున్నా అది దీనికి బదులు కాదన్నారు. మీ దగ్గర మాత్రం ఇంత దూరం వెళ్ళే అవసరం ఉండకపోవచ్చు, నోటిఫికేషన్లో వాళ్ళే 55 అని వేశారు కాబట్టి వాళ్ళ ప్రకటన వాళ్ళని కట్టేస్తుంది. అయినా మీ రాష్ట్రం 2018 రెగ్యులేషన్ని ఏ జీవోతో తీసుకుందో చూసి పిటిషన్‌కి జత చేయండి. నోటిఫికేషన్ చివర సన్నటి అక్షరాల్లో "అసాధారణ సందర్భాల్లో అర్హతలు సడలించే హక్కు యూనివర్సిటీకి ఉంది" లాంటి వాక్యం ఉందేమో కూడా చూడండి. ఉంటే కేసు పోయినట్టు కాదు, షరతులేంటో చెప్పకపోతే రేఖా చతుర్వేది ప్రకారం అది చాలదు, కానీ వాదన వేరేగా రాయాలి.

కాంట్రాక్టు ఆయన గురించి ఒక మాట చెప్పాలి. అన్నేళ్ళు తక్కువ జీతానికి చెప్పించుకుని, ఖాళీలు నింపకుండా లాగి, ఆయన్ని ఇక్కడిదాకా తెచ్చింది వ్యవస్థే, రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇలాంటివాళ్ళు వేలల్లో ఉన్నారు, వాళ్ళ బాధ నిజమైంది. కానీ దానికి దారి వేరు. 2006 ఉమాదేవి తీర్పులో కూడా అర్హత ఉండి, శాంక్షన్డ్ పోస్టులో పదేళ్ళు చేసినవాళ్ళని ఒక్కసారికి రెగ్యులర్ చేయొచ్చన్నారు, అర్హత లేనివాళ్ళని కాదు. మార్కుల నిబంధన కఠినంగా ఉంది అనిపిస్తే దాన్ని అందరికీ తగ్గించి మళ్ళీ నోటిఫికేషన్ వేయాలి, అప్పుడు ఆయనా వస్తారు, మీ ఫ్రెండూ వస్తుంది, మీరూ వస్తారు. పిటిషన్లో ఆయన మీద ఒక్క చెడ్డ మాట కూడా రాయించకండి, ఆయన దొంగ సర్టిఫికెట్ పెట్టలేదు, తన 52 శాతం దాచలేదు, తప్పు ఇచ్చినవాళ్ళది. అలా రాసిన పిటిషన్ని జడ్జీలు వేరే కళ్ళతో చూస్తారు.

మీ గైడ్ భయం నాకు అర్థమవుతుంది, చిన్న రంగం, రేపు ఇంకో యూనివర్సిటీ ఇంటర్వ్యూలో ఇదే ఎక్స్‌పర్టు ఎదురుగా కూర్చోవచ్చు. అది లేదని చెప్పను. ఆయన్ని మీ తరఫున మాట్లాడమని అడగకండి, సాక్షిగా లాగకండి, ఆయన సర్వీసు ఆయనకుంది. నిర్ణయం మీది. వేయాలనుకుంటే ముందుగా రిజిస్ట్రార్‌కి ఒక పేజీ రిప్రజెంటేషన్ రిజిస్టర్డ్ పోస్టులో పంపండి, ఏ నిబంధన కింద రిలాక్స్ చేశారో రాతపూర్వకంగా చెప్పమని, పదిహేను రోజులు గడువిచ్చి. జవాబిస్తే వాళ్ళ కారణం మీ చేతిలో ఉంటుంది, తర్వాత కౌంటర్లో ఇంకో కారణం అల్లలేరు. ఇవ్వకపోతే ఆ రసీదు పిటిషన్‌కి జత చేయండి. ఈలోపు ఆయన పీజీ పాసైన సంవత్సరం, నోటిఫికేషన్లో రిలాక్సేషన్ గురించి ఉన్న వాక్యం, ఎంపిక జాబితా తేదీ ఈ మూడూ ఇక్కడ రాయండి, పేర్లు వద్దు. అవి చూస్తే రిట్‌లో ఏ పాయింటు ముందు పెట్టాలో చెప్తా.